నాలుగు గీతలు కొలత కాదు: ఫోన్ సిగ్నల్‌ను అంకెల్లో చదవడం

"సిగ్నల్ ఫుల్లుగా ఉంది గానీ నెట్ తిరుగుతూనే ఉంది." ఈ మాట వినపడని ఇల్లు ఇప్పుడు తెలుగునాట దాదాపు లేదు. దీనికి పూర్తిగా ఎదురైన మాట కూడా అంతే తరచుగా వింటాం: "ఒక్క గీతే ఉంది, అయినా అరగంట వీడియో కాల్ ఆగకుండా నడిచింది." రెండూ నిజమే. గీతలను కొలత అనుకోవడం వల్లే ఈ రెండు మాటలూ మనకు వింతగా తోస్తాయి.

జ్వరం ఎంతుందని డాక్టరు అడిగితే "మూడు గీతలు" అనం. నూటొకటి అంటాం, నూటమూడు అంటాం. ఆ రెండంకెల తేడాను బట్టే మందు మారుతుంది. సిగ్నల్‌కీ అలాంటి అంకె ఉంది. ఫోన్‌లోని మోడెమ్ (టవర్‌తో మాట్లాడే చిప్పు) ఆ అంకెను అనుక్షణం కొలుస్తూనే ఉంటుంది. ఏ టవర్‌ను పట్టుకోవాలో, ఎప్పుడు వదిలి పక్కదానికి మారాలో, ఎంత గట్టిగా అరవాలో దాన్ని చూసే నిర్ణయించుకుంటుంది. ఇంత అవసరమైన కొలతను తెర మీదికి వచ్చేసరికి నాలుగు గీతలుగా నలిపేస్తున్నారు. ఫిర్యాదుకు ఫోన్ చేస్తే "సిగ్నల్ ఎన్ని గీతలు ఉందండీ?" అని అడుగుతారు. ఆ ప్రశ్నకు ఏ జవాబు చెప్పినా అవతల ఉన్న ఇంజినీరుకు ఉపయోగం లేదు. బ్యాటరీ శాతాన్ని చూపుతున్నట్టే సిగ్నల్ అంకెను కూడా ఫోన్లు పైపట్టీలోనే చూపాలని నేను గట్టిగా నమ్ముతాను. అది జరిగేదాకా ఆ అంకెను మనమే వెతికి చదువుకోవాలి. అదేమంత కష్టం కాదు.

గీత ఎవరు గీశారు

ఎంత సిగ్నల్‌కు ఎన్ని గీతలు చూపాలన్నదానికి ప్రపంచంలో ఎక్కడా ఒకే ప్రమాణం లేదు. ఫోన్ తయారీదారు ఒక లెక్క పెట్టుకుంటారు, నెట్‌వర్క్ కంపెనీ దాన్ని మార్చుకోవచ్చు. ఆండ్రాయిడ్ మూల కోడ్ అందరికీ తెరిచే ఉంది కాబట్టి అందులోని లెక్క చూడొచ్చు. డీబీఎం అనేది సిగ్నల్ బలాన్ని చెప్పే అంకె, సున్నాకు దగ్గరయ్యేకొద్దీ మెరుగు; అందులో ఒక్కో మెట్టు ఒక డీబీ. 4జీలో -128 డీబీఎం దాటితే ఒక గీత, -118కి రెండు, -108కి మూడు, -98కి నాలుగు. ఎవరూ మార్పులు చేయకపోతే ఇదే లెక్క. అంటే -98 ఉన్న గదిలోనూ నాలుగు గీతలే, టవర్ కింద నిలబడి -60 ఉన్నప్పుడూ నాలుగు గీతలే. ఈ రెంటి మధ్య సిగ్నల్ శక్తిలో తేడా ఆరు వేల రెట్లకు పైన. ఆరు వేల రెట్ల తేడాను కనిపించకుండా చేసే పరికరాన్ని కొలబద్ద అనలేం.

అదే కోడ్‌లో 5జీ లెక్క వేరు: -110, -90, -80, -65. కాబట్టి 4జీలో -97తో నాలుగు గీతలు చూపిన ఫోన్, 5జీకి మారి -85 అందుకున్నప్పుడు రెండు గీతలే చూపొచ్చు. సిగ్నల్ పన్నెండు డీబీలు మెరుగైంది, గీతలు సగానికి పడ్డాయి. "5జీ ఆన్ చేస్తే సిగ్నల్ పడిపోతోంది" అనే వాళ్లలో చాలామంది చూస్తున్నది ఈ లెక్కల తేడానే.

ఇంకో సంగతి. నెట్‌వర్క్ కంపెనీ కోరితే ఉన్నదానికన్నా ఒక గీత ఎక్కువ చూపించే సెట్టింగు కూడా ఆండ్రాయిడ్ కోడ్‌లో ఉంది. దాని పేరులోనే "పెంచి చూపు" అన్న అర్థం ఉంది. సిమ్ వివరాల పేజీలో అసలు అంకె కనపడాలా వద్దా అనేది తేల్చే సెట్టింగు మరొకటి ఉంది, అది కూడా కంపెనీ చేతిలోదే. మన చేతిలోని ఫోన్, మన జేబులోంచి కట్టిన రీఛార్జి, దాని కొలతను మననుంచి దాచే మీట మాత్రం మరొకరి దగ్గర. ఇది సరికాదు.

యాపిల్ సంగతి రికార్డుల్లోనే ఉంది. 2010లో ఐఫోన్ 4ను ఒక రకంగా పట్టుకుంటే గీతలు పడిపోతున్నాయని గొడవ లేచినప్పుడు, గీతలు లెక్కగట్టే తమ సూత్రమే పూర్తిగా తప్పని, చాలా సందర్భాల్లో ఉండాల్సినదానికన్నా రెండు గీతలు ఎక్కువ చూపిస్తోందని ఆ కంపెనీ జూలైలో బహిరంగ లేఖ రాసింది. అదే నెలలో వచ్చిన సాఫ్ట్‌వేర్ సవరణతో లక్షల ఫోన్లలో గీతలు తగ్గాయి. ఒక్క టవర్ మారలేదు, ఒక్క యాంటెన్నా మారలేదు.

అంకె ఎక్కడుంది

ఆండ్రాయిడ్‌లో సెట్టింగ్స్, అబౌట్ ఫోన్, అక్కడ సిమ్ స్టేటస్. కొన్ని ఫోన్లలో స్టేటస్ అనే మెట్టు మధ్యలో ఉంటుంది. రెండు సిమ్‌లు ఉంటే రెండూ విడివిడిగా కనిపిస్తాయి. సిగ్నల్ స్ట్రెంగ్త్ అన్న వరుసలో "-97 డీబీఎం 43 ఏఎస్‌యూ" లాంటిది ఉంటుంది. రెండో అంకెతో కంగారు పడొద్దు, అది మొదటిదాన్నే మరో రకంగా రాసింది. 4జీలో ఏఎస్‌యూలోంచి 140 తీసేస్తే డీబీఎం వస్తుంది. 2జీలో మాత్రం రెట్టింపు చేసి 113 తీసేయాలి. అందుకే ఏఎస్‌యూలను పోల్చుకోవడం మానేసి డీబీఎం ఒక్కటే చూడటం మేలు.

ఆ వరుస కనపడకపోతే డయలర్ తెరిచి *#*#4636#*#* కొట్టండి. కాల్ బటన్ నొక్కక్కర్లేదు, ఆఖరి నక్షత్రం పడగానే టెస్టింగ్ పేజీ తెరుచుకుంటుంది. అందులో ఫోన్ ఇన్ఫర్మేషన్‌లోకి వెళ్తే సిగ్నల్ అంకెలతోపాటు ఫోన్ పట్టుకున్న సెల్ వివరాలు కూడా ఉంటాయి. చాలా శాంసంగ్ ఫోన్లలో ఈ కోడ్ పనిచేయదు, వాటిలో *#0011# ప్రయత్నించండి. ఈ పేజీల్లో రేడియోను ఆపే మీటలు, నెట్‌వర్క్ రకం మార్చే మెనూలు ఉంటాయి. చదవడం వరకే చేయండి. మార్చాల్సిన ఒకే ఒక్కదాని గురించి కింద చెబుతాను.

ఐఫోన్‌లో *3001#12345#* కొట్టి కాల్ బటన్ నొక్కితే ఫీల్డ్ టెస్ట్ తెరుచుకుంటుంది. ముందు వైఫై ఆపేయండి. పేజీ రూపం ఐఓఎస్ వెర్షన్‌ను బట్టి మారుతూ వచ్చింది, కానీ సర్వింగ్ సెల్ అన్న మాట ఉన్న మెనూలో ఆర్‌ఎస్‌ఆర్‌పీ (4జీ సిగ్నల్ బలం అంకె) అనే వరుస వెతికితే దొరుకుతుంది.

రోజూ చూసేవాళ్లకు ఆప్ సుఖం. ఆండ్రాయిడ్‌లో నెట్‌మానిటర్, సెల్‌మ్యాపర్, నెట్‌వర్క్ సెల్ ఇన్ఫో లాంటివి ఉన్నాయి. వీటికి లొకేషన్ అనుమతి తప్పనిసరి. అది లేకపోతే ఆండ్రాయిడ్ సెల్ వివరాలే ఇవ్వదు, తెర ఖాళీగా ఉంటుంది. ఐఫోన్‌లో బయటి ఆప్‌లకు ఈ అంకెలు అందవు. అక్కడ "సిగ్నల్ మీటర్" అని చెప్పుకొనే ఆప్‌లు కొలిచేది నెట్ వేగాన్నే.

మైనస్ అంకెను చదవడం

డీబీఎం అంటే ఒక మిల్లీవాట్‌తో పోల్చి చెప్పే కొలత. సున్నా అంటే ఒక మిల్లీవాట్. ఫోన్‌కు అందేది దానికన్నా ఎంతో తక్కువ కాబట్టి ఎప్పుడూ మైనస్‌లోనే ఉంటుంది. సున్నాకు దగ్గరయ్యేకొద్దీ మంచిది. -80 బలమైనది, -115 బలహీనమైనది. అప్పుల లెక్కలా అనుకోండి: మైనస్ పక్కన అంకె ఎంత పెద్దదైతే పరిస్థితి అంత చెడ్డది.

మూడు డీబీలు పెరిగితే శక్తి రెట్టింపు, పది పెరిగితే పది రెట్లు, ఇరవై పెరిగితే వంద రెట్లు. ఈ ఒక్క సూత్రం గుర్తుంటే చాలు. వంటింట్లో -112, వరండాలో -92 ఉన్నాయంటే వరండాలో వంద రెట్లు ఎక్కువ అందుతోందని అర్థం. -90 అంటే ఒక మిల్లీవాట్‌లో వందకోట్ల వంతు. అంత చిన్నదాన్నీ పట్టుకుని మాట వినిపించగలగడం ఆ రేడియో గొప్పతనం.

4జీలో చూడాల్సిన అంకె ఆర్‌ఎస్‌ఆర్‌పీ. -85 కన్నా పైన ఉంటే చాలా బాగున్నట్టు. -85 నుంచి -100 దాకా మామూలు వాడకానికి ఇబ్బంది ఉండదు. -100 నుంచి -110లో గది మారితే తేడా తెలుస్తుంది. -110 దాటి దిగితే కాల్‌లో మాట తెగడం మొదలవుతుంది. -120 దగ్గర ఫోన్ వేలాడుతూ ఉంటుంది. ఈ ఆఖరి హద్దు ఎక్కడిదంటే, 4జీ వాడే ఒక్కో 15 కిలోహెర్ట్‌జ్ సన్నని పాయలో సహజంగా ఉండే వేడి రొదే -132 డీబీఎం. ఫోన్ సొంత ఎలక్ట్రానిక్స్ దానికి మరో ఏడెనిమిది డీబీలు కలుపుతాయి. అంటే -124 చుట్టుపక్కల సిగ్నలూ రొదా సమానమైపోతాయి. అక్కడినుంచి కిందికి వినడానికి పెద్దగా ఏమీ మిగలదు.

ఇక్కడే చాలామంది పడే గుంట ఒకటుంది. పాత 2జీ రోజుల్లో చూపిన అంకె ఆర్‌ఎస్‌ఎస్‌ఐ, అంటే ఫోన్ వింటున్న ఫ్రీక్వెన్సీ వెడల్పంతటా యాంటెన్నాకు తగిలిన మొత్తం శక్తి. 4జీ ఆర్‌ఎస్‌ఆర్‌పీ ఒక్క సన్నని పాయ శక్తి మాత్రమే. 20 మెగాహెర్ట్‌జ్ 4జీలో అలాంటి పాయలు 1,200. టవర్ నిండుగా పనిచేస్తుంటే ఆ మొత్తానికీ ఒక్క పాయకీ మధ్య దాదాపు 31 డీబీల తేడా ఉంటుంది. అందుకే "2జీలో -70 ఉండేది, 4జీలో -100 అయింది, దిగజారింది" అనే పోలిక తప్పు. ఆ రెండూ దాదాపు ఒకటే. కొన్ని ఆప్‌లు రెండంకెలూ పక్కపక్కనే చూపిస్తాయి. -69 చూసి సంతోషించేముందు అది ఏ వరుసలోదో చూడండి.

గట్టిగా వినపడటం, స్పష్టంగా వినపడటం

పెళ్లి పందిట్లో మైకు పక్కనే కూర్చున్నామనుకోండి. మాట గట్టిగానే వినపడుతుంది. కానీ పక్క వీధిలో ఇంకో పెళ్లి, అక్కడా మైకు, మధ్యలో బ్యాండు మేళం ఉంటే పంతులుగారు ఏం చదువుతున్నారో తెలియదు. ఆర్‌ఎస్‌ఆర్‌పీ చెప్పేది మైకు ఎంత గట్టిగా ఉందో. మాట తేటగా ఉందో లేదో చెప్పేది ఎస్‌ఐఎన్‌ఆర్, అంటే మనకు కావలసిన సిగ్నల్‌కు, మిగతా రొద అంతటికీ ఉన్న నిష్పత్తి. కొన్ని ఫోన్లు దాన్ని ఎస్‌ఎన్‌ఆర్ అని రాస్తాయి. 20 పైన ఉంటే అద్భుతం, 13 నుంచి 20 బాగుంది, సున్నా నుంచి 13 పర్వాలేదు, సున్నా కన్నా దిగితే వేగం ఆశించొద్దు.

నా దృష్టిలో నెట్ వేగానికి ఆర్‌ఎస్‌ఆర్‌పీ కన్నా ఇదే ముఖ్యం. -105 డీబీఎం, ఎస్‌ఐఎన్‌ఆర్ 15 ఉన్న పల్లెటూరి డాబా మీద వీడియో హాయిగా నడుస్తుంది. చుట్టూ ఐదారు టవర్లు కనిపించే హైదరాబాద్ అపార్టుమెంటు తొమ్మిదో అంతస్తులో -80 ఉన్నా ఎస్‌ఐఎన్‌ఆర్ 1 దగ్గర కొట్టుకుంటుంటే పేజీలు తెరుచుకోవు. ఎత్తుకు వెళ్లేకొద్దీ దూరపు టవర్లన్నీ నేరుగా కనపడతాయి, అవన్నీ ఒకే ఫ్రీక్వెన్సీలో మాట్లాడుతుంటాయి. పై అంతస్తుల వాళ్లు "టవర్ ఎదురుగానే కనిపిస్తోంది కదా" అని ఆశ్చర్యపోతారు. ఒకటి కాక ఆరు కనిపించడమే అక్కడి సమస్య.

మూడో అంకె ఆర్‌ఎస్‌ఆర్‌క్యూ. దీన్ని చాలామంది పట్టించుకోరు, నేను మాత్రం దీన్ని వదలొద్దంటాను. టవర్ మీద ఎంత మంది ఉన్నారో పరోక్షంగా చెప్పే అంకె ఇదొక్కటే. రద్దీ లేని టవర్ దగ్గర -6 చుట్టూ ఉంటుంది. అదే టవర్ నిండా జనం వాడుతుంటే, పక్క టవర్ల గొడవ లేకపోయినా, -11 దాకా దిగుతుంది. అంతకన్నా కిందికి, -14కో -17కో పోయిందంటే పక్క టవర్ల రొద తోడైందనో, సిగ్నలే రొదలో మునుగుతోందనో అర్థం. కాబట్టి ఆర్‌ఎస్‌ఆర్‌పీ కదలకుండా -85 దగ్గరే ఉండి, ఆర్‌ఎస్‌ఆర్‌క్యూ మాత్రం తెల్లవారుజామున -7, రాత్రి తొమ్మిదింటికి -12 చూపిస్తుంటే మీ సమస్య సిగ్నల్ కాదు, రద్దీ. ఒకే చోట తెల్లవారి ఐదింటికీ రాత్రి తొమ్మిదింటికీ వేగం కొలిచి చూడండి, ఖాయమైపోతుంది. ఈ రోగానికి కిటికీ దగ్గరికి వెళ్లడం మందు కాదు. కంపెనీ అక్కడ కొత్త బ్యాండు (మరో ఫ్రీక్వెన్సీల పట్టీ) పెట్టాలి, లేదా కొత్త టవర్ నిలపాలి.

ఇక ఏ గీతా ఎప్పటికీ చెప్పనిది ఒకటుంది. పైన చెప్పిన అంకెలన్నీ టవర్ మాట మనకు ఎలా వినపడుతోందో చెబుతాయి. మన మాట టవర్‌కు వినపడుతోందా? టవర్ మీది రేడియో పదుల వాట్లతో అరుస్తుంది. మామూలు ఫోన్ గరిష్ఠంగా అరిచేది 23 డీబీఎం, అంటే 200 మిల్లీవాట్లు. టవర్ అందే దూరానికి అంచున ఉన్నప్పుడు దాని మాట మనకు వినపడుతుంది, మన మాట పోదు. "అవతలివాళ్లది నాకు బాగా వినపడుతోంది, నాది వాళ్లకు తెగిపోతోంది" అన్నప్పుడు అనుమానించాల్సింది దీన్నే. బలహీనమైన సిగ్నల్‌లో ఫోన్ వేడెక్కడం, బ్యాటరీ మధ్యాహ్నానికే సగమవడం కూడా దీనివల్లే: దూరంగా ఉన్న టవర్‌కు వినిపించాలని అది గొంతు చించుకుంటోంది.

కాల్స్ సంగతి కొంచెం వేరు. వోల్టీ కాల్‌కు, అంటే 4జీ మీదే నడిచే కాల్‌కు, కావాల్సింది సెకనుకు కొన్ని పదుల కిలోబిట్లే, పైగా నెట్‌వర్క్ దానికి ముందు వరస ఇస్తుంది. అందుకే నెట్ కదలని చోట కూడా కాల్ శుభ్రంగా ఉంటుంది. కాల్ బాగుండి నెట్ లేకపోతే రద్దీని అనుమానించండి, రెండూ తెగుతుంటే సిగ్నల్‌ను.

బ్యాండు, గోడ, 5జీ గుర్తు

అంకె పక్కనే బ్యాండు కూడా రాసుకోవాలి. జియో 4జీ 850, 1800, 2300 మెగాహెర్ట్‌జ్‌లలో నడుస్తుంది. ఆప్‌లో ఇవి బ్యాండ్ 5, 3, 40గా కనిపిస్తాయి. ఎయిర్‌టెల్ 4జీలో బ్యాండ్ 8, 3, 1, 40 తగులుతాయి. బీఎస్‌ఎన్‌ఎల్ కొత్త 4జీ ఎక్కువగా 700, 2100లలో ఉంది, అంటే బ్యాండ్ 28, 1. 5జీకి జియో, ఎయిర్‌టెల్ రెండూ 3,300 మెగాహెర్ట్‌జ్ శ్రేణిని వాడుతున్నాయి, అది ఎన్78. జియో దగ్గర 700 కూడా ఉంది, అది ఎన్28.

తక్కువ ఫ్రీక్వెన్సీ దూరం పోతుంది, గోడలు దాటుతుంది, కానీ దారి ఇరుకు. ఎక్కువ ఫ్రీక్వెన్సీ దారి వెడల్పు, కానీ గోడ దగ్గర ఆగిపోతుంది. జియో 2022 వేలంలో 700లో కొన్నది 10 మెగాహెర్ట్‌జ్‌ల జత (పంపడానికి ఒకటి, అందుకోవడానికి ఒకటి), 3,300లో కొన్నది 100 మెగాహెర్ట్‌జ్. 700కీ 3,500కీ మధ్య ఏ అడ్డూ లేని గాలిలోనే 14 డీబీల తేడా వస్తుంది. గోడ ఎదురైతే అది ఇంకా పెరుగుతుంది. కాబట్టి బ్యాండ్ 5 మీద -90 ఉన్న ఫోన్ కన్నా బ్యాండ్ 40 మీద -102 ఉన్న ఫోన్ వేగంగా ఉండటం మామూలే.

గోడల లెక్క సుమారుగా ఇలా ఉంటుంది: ఒక ఇటుక గోడ 5 నుంచి 10 డీబీలు మింగుతుంది, ఆర్‌సీసీ గోడో స్లాబో 15 నుంచి 25. ఎండ వేడి లోపలికి రాకుండా లోహపు పూత పూసిన అద్దాలు 20 నుంచి 30. హైటెక్ సిటీ అద్దాల భవనాల్లో సిగ్నల్ చచ్చిపోవడానికి అసలు కారణం ఆ పూతే. రేకుల షెడ్డులో పైనుంచి ఏమీ రాదు, తలుపు కిటికీల్లోంచి వచ్చిందే దక్కుడు. ఏజెన్సీలో కొండే గోడ. పాడేరు, చింతపల్లి దారుల్లో ఒక మలుపులో -95 ఉన్నది తర్వాతి మలుపులో పూర్తిగా పోతుంది. మధ్యలో వచ్చిన కొండను ఏ ఫ్రీక్వెన్సీ అయినా దాటలేదు, అటువైపు ఇంకో టవర్ ఉండాల్సిందే. ఇలాంటి ఊళ్ల కోసమే కేంద్రం 2021లో ఆంధ్రప్రదేశ్ సహా ఐదు రాష్ట్రాల్లోని 7,287 గ్రామాలకు, 2022లో దేశమంతటా 24,680 గ్రామాలకు 4జీ టవర్ల పథకాలు ఆమోదించింది.

పైపట్టీలో వెలిగే 5జీ గుర్తును కూడా నమ్మకండి. 4జీని ఆసరా చేసుకుని నడిచే రకం 5జీలో, ఆ 4జీ టవర్ "నా దగ్గర 5జీ ఉంది" అని ప్రకటిస్తే చాలు, ఫోన్ 5జీ గుర్తు చూపొచ్చు. ఆ క్షణంలో 5జీ సిగ్నల్ ఒక్క చుక్క అందకపోయినా సరే. పక్కనున్న గీతలు కూడా చాలా ఫోన్లలో 4జీవే. నిజంగా 5జీ అందుతోందా అని చూడాలంటే ఆప్‌లో ఎన్ఆర్ అనే వరుసలో ఎస్‌ఎస్-ఆర్‌ఎస్‌ఆర్‌పీ అంకె ఉందో లేదో చూడండి. ఖాళీగా ఉంటే గుర్తు మాత్రమే ఉన్నట్టు.

ఇంట్లో కొలిచే పద్ధతి

ఫోన్ ఎత్తి ఒక్కసారి చూసి "-101" అని రాసుకుంటే ఆ కొలతకు విలువ లేదు. రేడియో తరంగాలు గోడలకు తగిలి తిరిగొచ్చి ఒకదానితో ఒకటి కలుస్తాయి, కొన్నిచోట్ల ఒకదాన్నొకటి చంపుకుంటాయి. 1800 మెగాహెర్ట్‌జ్‌లో తరంగం పొడవు సుమారు 17 సెంటీమీటర్లు. దానిలో సగం, అంటే ఎనిమిది సెంటీమీటర్లు కూడా జరగకుండానే, అంకె చాలా మారిపోతుంది. మన చెయ్యీ ఒళ్లూ మరికొన్ని డీబీలు మింగుతాయి.

కాబట్టి వైఫై ఆపండి. ఫోన్‌ను ఒకసారి ఎయిర్‌ప్లేన్ మోడ్‌లో పెట్టి పది సెకన్లు ఆగి తీయండి. ఫోన్ ఒక్కోసారి వచ్చిన దారిలోని దూరపు టవర్‌నే పట్టుకుని వేలాడుతుంటుంది, ఇలా చేస్తే కొత్తగా వెతుకుతుంది. కవర్‌లో లోహపు పలకో అయస్కాంతమో ఉంటే తీసేయండి. ఫోన్‌ను స్టూలు మీద నిలబెట్టి, చెయ్యి తీసి, తెర వెలుగుతూ ఉండగా అర నిమిషం చూడండి. అంకె ఊగుతూ ఉంటుంది, ఎక్కువసేపు నిలిచినదాన్ని రాసుకోండి. జానెడు పక్కకు జరిపి మళ్లీ చూడండి. ఒక్కో గదిలో మూడు చోట్ల చూసి సగటు తీస్తే నమ్మదగ్గ అంకె వస్తుంది. ఆర్‌ఎస్‌ఆర్‌పీ, ఆర్‌ఎస్‌ఆర్‌క్యూ, ఎస్‌ఐఎన్‌ఆర్, బ్యాండు, సెల్ ఐడీ, తేదీ, గంట: ఇన్నీ ఒక వరుసలో రాయాలి. ఉదయం ఒకసారి, రాత్రి ఒకసారి.

సెల్ ఐడీ ఎందుకంటే, 4జీలో ఆ పెద్ద అంకెను 256తో భాగిస్తే వచ్చే పూర్ణాంకం టవర్ సంఖ్య, శేషం ఆ టవర్ మీది సెల్ (సెక్టారు, అంటే ఒక దిక్కుకు తిరిగిన భాగం) సంఖ్య. వంటింట్లో ఒక టవర్, హాల్లో మరో టవర్ పట్టుకుంటోందని ఇలాగే తెలుస్తుంది. రెండింటి మధ్య ఊగిసలాడే గదిలో కాల్స్ తెగడం సహజం. కొన్ని ఫోన్లు టవర్ దూరాన్ని సూచించే టైమింగ్ అడ్వాన్స్ కూడా చూపిస్తాయి, 4జీలో ఒక్కో అంకె సుమారు 78 మీటర్లు. 40 ఉంటే మూడు కిలోమీటర్ల దూరాన్నించి వస్తోందన్నమాట.

కుప్పం, హిందూపురం లాంటి సరిహద్దు ఊళ్లలో ఇంకొకటి చూడాలి. ఆప్‌లో నెట్‌వర్క్ కోడ్ ఉంటుంది. ఆంధ్రప్రదేశ్ సర్కిల్ ఎయిర్‌టెల్ 404-49, కర్ణాటకది 404-45. జియో ఆంధ్రప్రదేశ్ 405-854. టెలికాం లెక్కల్లో ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ఇప్పటికీ ఒకే సర్కిల్. మీ ఫోన్ పట్టుకున్నది పక్క రాష్ట్రం టవర్ అయితే, ఇక్కడి ఇంజినీరు తన జాబితాలో దాన్ని వెతికినా దొరకదు.

కొలిచాక

గది మారడం, ఫోన్ కిటికీ దగ్గర పెట్టడం వల్ల 10 నుంచి 20 డీబీలు ఊరికే వస్తాయి. ఇంట్లో బ్రాడ్‌బ్యాండ్ ఉంటే వైఫై కాలింగ్ ఆన్ చేయండి. ఎయిర్‌టెల్ 2019 చివర్లో, జియో 2020 జనవరిలో దీన్ని తెచ్చాయి, విడిగా డబ్బు కట్టక్కర్లేదు. లోపలి గదిలో -118 ఉన్న ఇంటికి ఇంతకన్నా మంచి మందు లేదు. 5జీ అంచున ఫోన్ అటూ ఇటూ దూకుతూ ఆగిపోతుంటే నెట్‌వర్క్ మోడ్‌ను 4జీకి మార్చి ఒక రోజు చూడండి. ముందు చెప్పిన టెస్టింగ్ పేజీలో "ఎల్‌టీఈ ఓన్లీ" కూడా ఉంటుంది, కానీ వోల్టీ పనిచేయని సిమ్‌కు అది పెడితే కాల్స్ ఆగిపోతాయి. జాగ్రత్త.

ఫోన్‌కు బయటి యాంటెన్నా తగిలించే చోటు లేదు. సిమ్ పట్టే 4జీ రౌటర్లలో కొన్నిటికి ఉంది. డాబా మీద టవర్ వైపు తిప్పిన యాంటెన్నాతో అలాంటి రౌటర్ పెట్టడం పల్లెల్లో బాగా పనిచేస్తుంది. ఫోన్ వెనక అంటించే బంగారు రంగు స్టిక్కర్లకు డబ్బు తగలేయకండి, అవి ఒక్క డీబీ కూడా పెంచవు. ఇక ఆన్‌లైన్‌లో అమ్మే సిగ్నల్ బూస్టర్లు. లైసెన్సు ఉన్న టెలికాం కంపెనీలు తప్ప మరెవరూ వాటిని ఉంచుకోవడం, అమ్మడం, వాడటం చట్టవిరుద్ధమని టెలికాం శాఖ 2022లో మళ్లీ స్పష్టం చేసింది. చట్టం మాట అటుంచినా, సరిగా కట్టని బూస్టర్ టవర్ వినే ఫ్రీక్వెన్సీలోనే రొద పోస్తుంది. ఒక ఇంట్లో నాలుగు గీతలు పెరిగితే వీధి మొత్తానికి అప్‌లోడ్ చెడుతుంది. పక్కింటివాళ్ల కాల్ తెంచి మనం మాట్లాడుకోవడం న్యాయం కాదు.

వేరే కంపెనీకి పోర్ట్ అయ్యేముందు ఆ కంపెనీ సిమ్ ఉన్న చుట్టాన్నో స్నేహితుణ్నో ఇంటికి పిలిచి అవే గదుల్లో అవే అంకెలు తీయండి. 2024 అక్టోబర్ 1 నుంచి అమల్లోకి వచ్చిన ట్రాయ్ (టెలికాం నియంత్రణ సంస్థ) నాణ్యతా నిబంధనల ప్రకారం ప్రతి కంపెనీ తన కవరేజీ పటాన్ని వెబ్‌సైట్‌లో పెట్టాలి. ఆ పటం వీధిని చూడటానికి పనికొస్తుంది. మీ పడకగది సంగతి మీ ఫోనే చెప్పాలి. "ఎమర్జెన్సీ కాల్స్ ఓన్లీ" అని చూపిస్తే మాత్రం అదొక మంచి ఆనవాలు: చాలాసార్లు మీ కంపెనీ సిగ్నల్ లేదు గానీ ఇంకెవరిదో అక్కడ అందుతోంది.

ఫిర్యాదుకు 198. డాకెట్ నంబరు తప్పకుండా తీసుకోండి. జవాబు నచ్చకపోతే అదే కంపెనీలోని అప్పిలేట్ అథారిటీకి వెళ్లొచ్చు, ఆ తర్వాత కేంద్ర ప్రభుత్వ ఫిర్యాదుల పోర్టల్‌లో టెలికాం శాఖకు రాయొచ్చు. ట్రాయ్ విడి ఫిర్యాదులు తీసుకోదు. ఎక్కడ రాసినా "సిగ్నల్ రావట్లేదు" అని రాయకండి. ఇలా రాయండి: "హాల్లో బ్యాండ్ 40 మీద ఆర్‌ఎస్‌ఆర్‌పీ -84. ఉదయం 5 గంటలకు ఆర్‌ఎస్‌ఆర్‌క్యూ -7, ఎస్‌ఐఎన్‌ఆర్ 18, వేగం 40 ఎంబీపీఎస్. రాత్రి 9 గంటలకు అదే సెల్, ఆర్‌ఎస్‌ఆర్‌పీ -84, ఆర్‌ఎస్‌ఆర్‌క్యూ -13, ఎస్‌ఐఎన్‌ఆర్ 4, వేగం 1 ఎంబీపీఎస్. వారం రోజుల కొలతలు జతచేశాను. ఈ సెక్టారులో రద్దీ ఎంత? దాన్ని తగ్గించే పని ఏ తేదీలోగా చేస్తారు?" ఈ ఉత్తరం అందుకున్నవాళ్లు "ఫోన్ ఒకసారి ఆపి వేయండి" అని జవాబు పంపి ఊరుకుంటే, ఆ జవాబును కూడా జతచేసి పై మెట్టుకు పంపండి.